జాబితా అంచున పెన్సిలు గుర్తులు

కోర్టులో మనిషి పేరు మూడుసార్లు పిలుస్తారని మీరంతా వినే ఉంటారు. సినిమాల్లో చూసి కూడా ఉంటారు. మూడో పిలుపుకీ మనిషి రాకపోతే ఏమవుతుందో సినిమాల్లో చూపించరు. చూపించడానికి ఏమీ ఉండదు కూడా. బల్ల మీద ఒక కాగితాల కట్ట ఇటు నుంచి అటు వెళుతుంది. "అర్జీదారు హాజరు కానందున అర్జీ కొట్టివేయడమైనది" అని ఒక్క వాక్యం రాస్తారు. నా బంట్రోతు ఉద్యోగంలో ఆ వాక్యం ఎన్నిసార్లు విన్నానో చెప్పలేను. ఒక్కసారి మాత్రం అది నా మూలంగా రాశారు. ఇప్పుడు కొత్తగా ఉద్యోగాల్లో చేరుతున్న పిల్లల కోసం ఆ సంగతి రాస్తున్నాను. పేర్లు రాయను. ఒక్క పేరు రాయక తప్పదు, అదీ మార్చి రాస్తాను.

అరవైల చివరి సంవత్సరాలు అవి. నేను శ్రీకాకుళంలో పెరిగినవాణ్ణి. ఎస్సెల్సీ తప్పాక నాగావళి ఒడ్డున తిరగడం మానేసి గ్రంథాలయంలో కూర్చోవడం మొదలుపెట్టాను. తలుపులు తీయకముందే మెట్ల మీద ఉండేవాణ్ణి. వైద్యం, ఖగోళం, దేశాల చరిత్రలు, అపరాధ పరిశోధన నవలలు, ఏది దొరికితే అది చదివాను. సివిలు కోర్టుల విచారణ పద్ధతి మీద తెలుగులో ఒక లావుపాటి పుస్తకం ఉండేది. దాన్ని రెండుసార్లు చదివాను. మొదటిసారి అర్థం కాలేదు. రెండోసారి అర్థమైందనుకున్నాను. కాలేజీ మెట్లెక్కినవాళ్ళకి తెలియని సంగతులు నాకు తెలుసని ఒక గర్వం ఉండేది. నిజం చెప్పాలంటే ఇప్పటికీ కొంచెం ఉంది.

ఒక తాలూకా ఊరి మునసబు కోర్టులో బంట్రోతుగా చేరాను. పెంకుటిల్లు, ముందు పొడుగాటి వరండా. ఆ రోజుల్లో కొండల వైపు గొడవలు మొదలయ్యాయి. బస్సు దిగిన కొత్త మనిషిని ఎవరింటికని నలుగురు ఆరా తీసేవారు. పోలీసు వాను ఆగితే టీ కొట్టులో మాటలు ఆగిపోయేవి. ఊరందరికీ అనుమానం జలుబులా పట్టింది. నాకు మరీ ఎక్కువ పట్టింది.

మా కోర్టులో పార్టీలను పిలిచే పని ఒక దఫేదారుది. అంటే బంట్రోతులకు పెద్ద. ఉద్యోగం అయిపోవడానికి ఏడాదో ఏడాదిన్నరో ఉంది. చుట్టలు కాల్చి కాల్చి గొంతు రాసుకుపోయి ఉండేది. రోజూ మునసబు గారు రావడానికి అరగంట ముందు, ఆ రోజు కేసుల జాబితా పట్టుకుని, చెవి మీద పెన్సిలు పెట్టుకుని వరండా అంతా తిరిగేవాడు. తిరగడమంటే నడిచి వెళ్ళిపోవడం కాదు. ప్రతి మనిషి దగ్గరా గొంతుక్కూర్చుని ఏ ఊరు, ఎవరింటి కోడలివి, పుట్టిల్లెక్కడ, పిల్లలెందరు అని మాటాడేవాడు. లేచేటప్పుడు జాబితా అంచున ఏదో రాసేవాడు. వాళ్ళు ఒకటో రెండో చుట్టలు ఇచ్చేవారు. ఒకసారి పనస తొనలు ఇవ్వడం కూడా చూశాను.

నాకు ఇంకేం కావాలి? సాయంత్రం జాబితాలు కట్టకట్టే పని నాదే. చూస్తే కొన్ని పేర్ల పక్కన, ఎక్కువగా ఆడవాళ్ళ పేర్ల పక్కన, పెన్సిలుతో ఒక్కో అక్షరం ఉండేది. కో. బొ. పా. గ. ఒక నోటుపుస్తకం కొని నెల రోజులు ఆ అక్షరాలన్నీ ఎక్కించాను. నవలల్లో పరిశోధకుడు ఎలా చేస్తాడో అలాగే చేశాను. కో అంటే కోడి. బొ అంటే బొప్పాయి. పా అంటే పాలు. గ మాత్రం మూడు రోజులు కొరకరాని కొయ్య అయింది. చివరికి అది గుమ్మడికాయ అని, గు రాయడానికి దఫేదారుకు చదువు చాలక గ అని రాశాడని తేల్చాను. ఎవరు ఏమిచ్చారో మరిచిపోకుండా ఈయన గుర్తులు పెట్టుకుంటున్నాడు, ఇచ్చినవాళ్ళను గట్టిగా పిలిచి ఇవ్వనివాళ్ళను నీరసంగా పిలుస్తున్నాడు, అని నిర్ణయించుకున్నాను.

అప్పుడే కొత్త మునసబు గారు వచ్చారు. గోదావరి అవతలి నుంచి వచ్చిన చిన్నవయసు మనిషి, నిక్కచ్చి. మంచి తెలుగులో, అచ్చుతప్పు లేకుండా, ఒక అర్జీ రాసి ఆయన చేతికిచ్చాను. కింద సంతకం కూడా పెట్టాను. ఆకాశరామన్న ఉత్తరం రాసేవాణ్ణి కాదని చెప్పుకోవడానికే ఈ మాట. ఆయన దఫేదారును పిలిపించి ఈ గుర్తులేమిటని అడిగారు.

"పిలవడానికి గుర్తులు బాబూ," అన్నాడు దఫేదారు. అంతకు మించి చెప్పలేదు.

నేరం చేసినవాడు ఇలాగే ముక్తసరిగా మాట్లాడతాడని చదివి ఉన్నాను కాబట్టి నాకు ఇంకా నమ్మకం కుదిరింది. మునసబు గారు ఆ రోజే ఉత్తర్వు ఇచ్చారు. బంట్రోతులు వరండాలో పార్టీలతో మాటాడకూడదు. జాబితా మీద ఏమీ రాయకూడదు. కాగితంలో పేరు ఎలా ఉంటే అలాగే పిలవాలి. దఫేదారును రికార్డు గదికి పంపి, పిలిచే పని నాకు ఇచ్చారు. దఫేదారు నడుముకి కట్టుకునే ఎర్ర పట్టీ విప్పి మడత పెట్టి బీరువా మీద పెట్టాడు. నావైపు చూడలేదు. తప్పు చేసినవాడు కళ్ళలోకి చూడలేడని అనుకున్నాను.

పిలవడం కూడా ఒక విద్యే అనుకుని సాధన చేశాను. మావైపు చ ని స అంటారు, ళ ని ల అంటారు. నేను ఒక్క అక్షరం మింగకుండా, ఒత్తులతో సహా, ఇంటిపేరు నుంచి మొదలుపెట్టి పిలిచేవాణ్ణి. బెంచి గుమాస్తా మెచ్చుకున్నాడు. రేడియోలో వార్తల్లా ఉందన్నాడు.

ఇక ఆ అర్జీ సంగతి. రామతీర్థం అవతల ఒక పల్లెలో ఒక రైతు చనిపోయాడు. అతని భార్యకు పిల్లలు లేరు. ఎకరన్నర పల్లపు చేను ఆమె సాగులో ఉంది. కాగితాలు మాత్రం ఎప్పుడో పోయిన అత్తగారి పేరు మీదే ఉన్నాయి. మరిది ఆ చేను నాదంటూ దిగాడు. ఆమె కోర్టుకు వచ్చి, దావా తేలేదాకా మరిది చేనులో అడుగుపెట్టకుండా ఉత్తర్వు కావాలని అర్జీ పెట్టింది. అంతవరకూ తాత్కాలికంగా ఒక ఉత్తర్వు ఇచ్చారు. విచారణకు వాయిదా పడేసరికి మార్గశిరం వచ్చింది. చేను పండి, కోతకు తయారుగా ఉంది. అర్జీ పోతే ఆ ఉత్తర్వూ పోతుంది. మర్నాడే మరిది కొడవళ్ళతో దిగవచ్చు. అడ్డుకునేవాడు లేడు.

ఆ రోజు ఆమె ప్లీడరు జిల్లా కోర్టులో వేరే కేసుకి వెళ్ళాడు. మధ్యాహ్నం బస్సుకి వచ్చేస్తానని, పిలిస్తే లోపలికి వెళ్ళి నిలబడమని ఆమెకు చెప్పాడట. పొద్దున్న ఒకసారి పిలిచాను. ఎవరూ రాలేదు. మధ్యాహ్నం చూద్దాం అన్నారు మునసబు గారు. భోజనాలయ్యాక పిలిచాను. ప్లీడరూ లేడు, మనిషీ లేదు. బస్సు దారిలో ఆగిపోయిందని తరవాత తెలిసింది. నాలుగు కావస్తుండగా మళ్ళీ గుమ్మంలోకి వచ్చి, ఇంటిపేరు, పేరు, ఊరు అన్నీ కలిపి మూడుసార్లు పిలిచాను. నరసమ్మ అనుకోండి. అసలు పేరు అది కాదు.

వరండాలో ముప్పై మంది దాకా ఉన్నారు. ఎవరూ లేవలేదు. మూడో స్తంభం దగ్గర గొడుగూ మూటా పెట్టుకుని కూర్చున్న ఒకావిడ మాత్రం నావైపు చూసి, తల కొంచెం వంచి, చేతులు జోడించింది. నరసింహస్వామి పేరు విని దండం పెట్టుకుందేమో, భక్తి ఎక్కువ అనుకున్నాను. ఆమె పక్కనుంచే ఒక మనిషి తువ్వాలు దులుపుకుంటూ లేచి నన్ను దాటి లోపలికి వెళ్ళాడు. అతను ఎదుటి పక్షం, మరిది. "హాజరు లేదు" అని చెప్పాను. మునసబు గారు రాశారు. అంతే.

లోపల నిలబడి నేను ఆలోచించింది ఏమిటంటే, ఈమె మరిదితో లోపాయికారీగా రాజీ పడి ఉంటుంది, లేదా ప్లీడరు అమ్ముడుపోయి ఉంటాడు. రెండోదే నిజమని మొగ్గాను.

అయిదు దాటాక వరండా ఖాళీ అయింది. గొడుగు ఆవిడ మాత్రం అక్కడే ఉంది. కోర్టు అయిపోయింది, ఇంటికి వెళ్ళమన్నాను.

"నన్ను ఇంకా పిలవనేదు బాబూ," అంది.

ఏ ఊరమ్మా అని అడిగాను. చెప్పింది. అర్జీలో ఉన్న ఊరే అది. పేరు అడిగాను.

"కోటమ్మంటారు."

మూడుసార్లు పిలిచాను కదా, నరసమ్మా అని, అన్నాను.

"అది మా అత్త పేరు బాబూ. నాదీ అదే పేరనుకో. అత్త పేరు పెట్టి కోడల్ని ఎవులు పిలుస్తారు? పెళ్ళయి వచ్చిన్నాడే కోటమ్మన్నారు. మా కన్నోరిది శృంగవరపుకోట. కాగితాలన్నీ అత్త పేరునే ఉన్నాయి కదా, ఆయమ్మనే పిలుస్తన్నారనుకున్నాను. సచ్చిపోయిన మనిసని దండం పెట్టుకున్నాను. పక్కన మా మరిది కూకున్నాడు. ఎవుల్నిరా పిలుస్తన్నారంటే, మాయమ్మని అన్నాడు."

అంతకు ముందు రెండు వాయిదాలకీ ఆమె వచ్చింది. రెండుసార్లూ దఫేదారు కోటమ్మా అని పిలిస్తే లేచి లోపలికి వెళ్ళింది. మూడోసారీ ఆ పిలుపు కోసమే పొద్దుట నుంచీ నీళ్ళు కూడా తాగకుండా కూర్చుంది.

రికార్డు గదికి వెళ్ళాను. దఫేదారు పాత కట్టలకు దుమ్ము దులుపుతున్నాడు. జరిగింది చెప్పాను. ఆయన చేతిలో గుడ్డ ఆగింది.

"కో అంటే ఏటనుకున్నావురా నువ్వు?"

కోడి అన్నాను. ముందు ఆయనకు అర్థం కాలేదు. అర్థమయ్యాక నవ్వాడు. నవ్వి నవ్వి దగ్గు తెర పట్టుకుంది. బొ ఏటి, గ ఏటి అని ఒక్కొక్కటే అడిగి నాచేత చెప్పించాడు. బొండపల్లమ్మ, గంట్యాడమ్మ, పాలకొండమ్మ అని ఆయన చెప్పాడు. మావైపు ఇళ్ళల్లో కోడళ్ళని పుట్టింటి ఊరి పేరుతోనే పిలుస్తారు. నేను పుట్టి పెరిగిందీ అలాంటి ఇంట్లోనే. మా మేనత్తని జీవితమంతా ఆమదాలవలసమ్మ అనే పిలిచాం. ఆమె అసలు పేరు నాకు ఇప్పటికీ తెలియదు. అది తెలిసినవాణ్ణి కో అంటే కోడి అనుకున్నాను. ఇంట్లో తెలిసిన సంగతిని ఆఫీసులో గుర్తుపట్టకుండా చేసింది ఏమిటో మీరే ఆలోచించుకోండి.

నేను అప్పటికీ ఊరుకోలేదు. రికార్డు గది కిటికీలోంచి వరండా అంతా కనిపిస్తుంది. మీరు ఆమెను చూశారు కదా, నేను పిలుస్తుంటే విన్నారు కదా, ఎందుకు చెప్పలేదు అని అడిగాను.

"పార్టీలతో మాటాడొద్దని ఉత్తర్వు కదురా నాయినా. రాయించింది నువ్వే కదా," అన్నాడు. అని మళ్ళీ దుమ్ము దులపడం మొదలుపెట్టాడు.

ఆయన నిజంగా చూడలేదో, చూసి నాకు బుద్ధి రావాలని ఊరుకున్నాడో, ఈనాటికీ తేల్చుకోలేదు. ఊరుకున్నాడనే నా అనుమానం.

ఇక్కడ పిల్లలు ఒక సంగతి తెలుసుకోవాలి. హాజరు లేక కొట్టేసిన అర్జీని మళ్ళీ తెరవమని అడగవచ్చు. రాలేకపోవడానికి తగిన కారణం చూపాలి. ప్లీడర్లందరికీ అలవాటైన కారణం ఒకటే, జ్వరం. నా ఉద్యోగంలో చూసిన అర్జీలన్నీ నమ్మితే మా జిల్లాలో జ్వరం లేని వాయిదా లేదు. ఈమె ప్లీడరు కూడా రాత్రి బస్సు దిగి అర్జీ పోయిందని విని, అలవాటు ప్రకారం జ్వరమే రాయించాడు. మర్నాడు పొద్దున్న, ఇంకా దాఖలు కాని ఆ కాగితాన్ని నకళ్ళు రాసే బల్ల మీద చూశాను. ఆమె పొద్దుట నుంచి సాయంత్రం దాకా మరిది పక్కనే కూర్చుంది. జ్వరంతో ఇంట్లో పడుకుందంటే అతను ఒక్క మాటతో కొట్టేస్తాడు. వరండాలో ఉన్న ముప్పై మందీ సాక్ష్యం చెబుతారు. అర్జీ రెండోసారి పోతే ఇక లేవదు.

జ్వరం అబద్ధం నిలబడితే నా తప్పు బయటపడదు. నిలబడకపోతే ఆమె చేను పోతుంది. నేను నోరు మూసుకుంటే ఏదో ఒకటి జరిగిపోతుంది. పొద్దున్నంతా అదే ఆలోచించాను. మధ్యాహ్నం ప్లీడరు ఇంటికి వెళ్ళి వరండా సంగతంతా చెప్పాను. ఆయన నన్ను కూర్చోమనలేదు.

"నిన్నెవరు పంపించారు?" అన్నాడు.

ఎవరూ పంపలేదన్నాను. ఆమె కోర్టులోనే ఉందని తాను కాగితం మీద ఒప్పుకుంటే, ఉండి కూడా రాలేదని అవతలివాళ్ళు పట్టుకోరా అన్నాడు. నేను మరిది మనిషిననే ఆయన నమ్మకం. నాకు చాలాసేపు ప్రశ్నలు వేశాడు. నేను నెల రోజులు దఫేదారును ఎలా చూశానో ఈయన నన్ను అలాగే చూస్తున్నాడని అప్పుడు తోచింది. చివరికి, కోర్టులో ప్రమాణం చేసి చెబుతావా అన్నాడు. చెబుతానన్నాను. జ్వరం కాగితం చింపించి కొత్తది రాయించాడు.

అది విచారణకి రావడానికి తొమ్మిది రోజులు పట్టింది. ఆ రోజు నేను సాక్షిని కాబట్టి పిలవడానికి దఫేదారును రికార్డు గది నుంచి తెచ్చారు. ఆయన గుమ్మంలో నిలబడి, మూడు అడుగుల దూరంలో ఉన్న నన్ను, ఇంటిపేరుతో సహా, ఒక్క అక్షరం మింగకుండా, మూడుసార్లు పిలిచాడు. బెంచి గుమాస్తా తల దించుకుని నవ్వాడు.

కో, బొ, గ అన్నీ చెప్పాను. కోడి సంగతి కూడా చెప్పాను, మునసబు గారు అడిగారు కాబట్టి. తరవాత మరిదిని అడిగారు. వదిన పక్కనే ఉందని తెలిసి ఎందుకు లేపలేదు అని.

"నన్ను ఎవుల్ని పిలుస్తన్నారని అడిగింది బాబూ. మాయమ్మని అన్నాను. మాయమ్మ పేరు నరసమ్మ కాదా? అబద్దం ఆడినానా?"

అతను తెలిసే అన్నాడని ఆ గదిలో అందరికీ తెలుసు. రుజువు చేయడం ఎవరివల్లా కాదు. కొట్టివేసిన అర్జీని మునసబు గారు మళ్ళీ విచారణకు తీసుకున్నారు. పాత ఉత్తర్వును మళ్ళీ అమలులోకి తెచ్చారు. నాకు ఒక మెమో వచ్చింది. పిలిచే పని దఫేదారుకే తిరిగి వెళ్ళింది. వరండాలో మాటాడకూడదన్న ఉత్తర్వును ఎవరూ రద్దు చేయలేదు గాని, మర్నాటి జాబితా అంచున పెన్సిలు గుర్తులు కనిపించాయి. మునసబు గారు వాటిని చూసి కూడా ఏమీ అనలేదు.

కానీ మధ్యలో తొమ్మిది రోజులు ఏ ఉత్తర్వూ లేదు. మొదటి రోజే మరిది కూలీలను దింపి దిగువ మడులన్నీ కోసి కుప్ప ఎత్తించుకుపోయాడు. గట్టు మీదున్న చిన్న మడి ఒక్కటే మిగిలింది. కోసినదాన్ని వెనక్కి ఇప్పించడానికి మరో దావా వేయాలి. అది ఎన్నేళ్ళు పడుతుందో ఆమె ప్లీడరు చెప్పలేదు, నాకు తెలుసు.

సాయంత్రం ఆమె మెట్లు దిగుతుంటే వెనకాలే వెళ్ళాను. సాక్ష్యం చెప్పినందుకు ఒక మంచి మాట అంటుందని ఆశ ఉండేది, దాచుకోవడం ఎందుకు. ఆమె ఆగి నన్ను తేరిపార చూసింది. కోపంగా లేదు. నిజంగా తెలుసుకుందామని అడిగింది.

"మా మరిది నీకేటిచ్చాడు బాబూ?"

ఏమీ ఇవ్వలేదమ్మా, దేవుడి మీద ఒట్టు, అన్నాను.

నా మాట నమ్మిందని ముఖం చూస్తే తెలిసింది. నమ్మకపోతే బాగుండునని ఇన్నేళ్ళ తరవాత కూడా అనిపిస్తుంది.

"అయితే ఊరికినే సేసేవా?" అంది.